విచ్చేసిన ట్యాంకులు

మొన్న మంగళవారం పొద్దున కాఫీ తాగుతూ ఫోన్ చూస్తుంటే వాట్సాప్‌లో ఒక శుభలేఖ వచ్చింది. ఇక్కడ అమెరికాలో, పక్క ఊరు మోరిస్‌విల్‌లో ఉండే మా స్నేహితురాలి మనవరాలి పెళ్ళి. ఏనుగులు తొండాలు ఊపుతున్నాయి, సన్నాయి మోగుతోంది, పైనుంచి పూలు రాలుతున్నాయి, ఆ పూల మధ్య ఎక్కడో కాస్త తెలుగు. "సకుటుంబ సపరివార సమేతంగా విచ్చేశి" అని ఉంది. 'శి' అట! నాకు డెబ్బై ఆరేళ్ళు. రెండు కళ్ళకీ శుక్లాలు తీయించుకున్నాను, కళ్ళజోడు నెత్తిమీద పెట్టుకుని ఇల్లంతా వెతుకుతాను. అచ్చుతప్పు మాత్రం నా కంట పడకుండా పోదు. ఇంకో రోజైతే అప్పటికప్పుడు ఫోన్ చేసి ఆ పెళ్ళివారిని చెడామడా వాయించేదాన్ని. మొన్న చెయ్యలేదు. ఆ మాటనే చూస్తూ కూచున్నాను. ఎదురుగా ఉప్మా తింటున్న మా ఆయన, "ఏమిటోయ్, ఎవరైనా పోయారా?" అన్నారు. "ఎవరూ పోలేదు లెండి, ఎవరో విచ్చేయాలట," అన్నాను. ఆయన చెంచా కింద పెట్టేశారు. ఏడు నెలలుగా మా ఇంట్లో ఆ మాట ఎవరమూ పలకలేదు.

ఎందుకు పలకలేదో చెప్పాలంటే విజయవాడలో మా బాబాయి పనిచేసిన ప్రెస్సు దాకా వెళ్ళాలి. ఇరుకు సందులో రేకుల షెడ్డు. లోపల అడుగు పెట్టగానే సిరా, కిరసనాయిలు, తడి కాగితం కలిసిన వాసన కొట్టేది. ఈ రోజుకీ పెట్రోలు బంకులో కారు దిగితే ఒక్క క్షణం నాకు ఆ షెడ్డే గుర్తొస్తుంది. అక్కడ రెండు రకాల పని జరిగేది. ఒకటి శుభలేఖలు, సినిమా కరపత్రాలు, దశదిన కర్మ కార్డులు. రెండోది మా బాబాయి ప్రాణంపెట్టి చేసే పని: సోవియట్ దేశం వాళ్ళ విదేశాంగ విధానం గురించి ఇంగ్లీషులో వచ్చే పుస్తకాల్ని తెలుగులోకి దించడం. యుద్ధం ముగిశాక ప్రపంచాన్ని ఎవరెట్లా పంచుకున్నారు, ఏ దేశం నెత్తిన ఎవరి క్షిపణులున్నాయి, నిరాయుధీకరణ అంటే ఏమిటి, శాంతియుత సహజీవనం అంటే ఏమిటి, అన్నీ మా బాబాయి నోట్లోంచి కృష్ణా జిల్లా తెలుగులో వచ్చేవి. రేషన్ షాపులో అమెరికా గోధుమలు ఇచ్చేవాళ్ళు. వాటిని మర పట్టించి రొట్టెలు చేసి పెడుతూ మా పిన్ని, "తినేది ఆళ్ళ గోధుమలు, పాడేది ఈళ్ళ పాట, బాగానే ఉంది మీ వరస," అనేది. బాబాయి నవ్వి ఇంకో రొట్టె వేయించుకునేవాడు.

ఆయన కళ్ళు అప్పటికే బాగా మందగించాయి. అందుకని కాలేజీ సెలవులొస్తే ప్రూఫులు దిద్దడానికి నన్ను పిలిచేవాడు. నేర్పింది కూడా ఆయనే. తప్పు మాటని కొట్టేసి పక్క మార్జిన్‌లో ఒప్పు రాయాలి. అనుమానం ఉంటే కొట్టెయ్యకూడదు. మార్జిన్‌లో ప్రశ్న గుర్తు పెట్టి చుట్టూ సున్నా చుట్టాలి. దానికి జవాబు వచ్చేదాకా ఆ పేజీ మెషీన్ ఎక్కకూడదు. "అమ్మడూ, తప్పు దొరికితే దిద్దేవాడు గుమాస్తా. అనుమానం వచ్చినచోట ఆగేవాడు ప్రూఫ్ రీడరు," అనేవాడు. ఆ సున్నా చుట్టడం నాకెంత సరదాగా ఉండేదంటే, కొత్తలో బాగున్న వాక్యాలకి కూడా చుట్టేసేదాన్ని. అక్షరాలు పేర్చే కంపోజిటర్లు నన్ను చూస్తే హడలిపోయేవాళ్ళు.

అరవై ఎనిమిది ఆగస్టులో రష్యా ట్యాంకులు చెకోస్లవేకియాలోకి వెళ్ళాయి. దసరా సెలవులకి నేను వచ్చేసరికి దాన్ని సమర్థిస్తూ ఒక చిన్న పుస్తకం బాబాయి చేతికి వచ్చి ఉంది. పండక్కి ముందే అచ్చయి పోవాలని తొందర. బాబాయి ఒకే ఒక్క వాక్యం దగ్గర మూడు రోజులు కొట్టుకున్నాడు. సోదర దేశం కోరిన మీదట సేనలు ఆ దేశంలోకి వెళ్ళాయి అని దాని అర్థం. 'ప్రవేశించాయి' అని రాశాడు. ప్రెస్సు యజమాని చూసి, "దొంగలు ప్రవేశించినట్టుందండీ," అన్నాడు. 'వెళ్ళాయి' అంటే చప్పగా ఉంది. 'చేరుకున్నాయి' అంటే రైలు చేరుకున్నట్టుంది. అదే బల్ల మీద రెండో పక్క నా ముందు ఒక శుభలేఖ ప్రూఫు ఉంది. నేను తల కూడా ఎత్తకుండా, "విచ్చేశాయి అని రాసెయ్యండి బాబాయ్, పిలిచినవాళ్ళకీ గౌరవం, వచ్చినవాళ్ళకీ గౌరవం," అన్నాను. షెడ్డులో ఒక్కసారిగా అందరూ నవ్వారు. బాబాయి మాత్రం నవ్వలేదు. పెన్సిలు పళ్ళ మధ్య పెట్టుకుని నా వంక చూసి, "శభాష్," అన్నాడు. 'సోదర ప్రజల పిలుపునందుకొని సేనలు విచ్చేశాయి.' అలాగే అచ్చయింది. సాయంత్రం నాకు గవర్నర్‌పేటలో ఐస్‌క్రీం ఇప్పించాడు. నేను రాసిన మాట అచ్చులో చూసుకోవడం అదే మొదలు. గాల్లో నడిచాను.

ఇంటికొచ్చి పిన్నికి చదివి వినిపించేటప్పటికి ఆవిడ పేరంటానికి బయల్దేరుతోంది. కుంకుమ భరిణె చేతిలో ఉంది. మొత్తం విని, "విచ్చేశారు సరే, ఎవరు పిలిచారే?" అంది. "వాళ్ళ నాయకులు పిలిచారు పిన్నీ." "ఏ నాయకులు? పేర్లున్నాయా అందులో?" లేవు. నిజంగానే లేవు. "పేరు లేకుండా పిలుపేమిటి? ఎవరో ఒకరు గుమ్మంలోకొచ్చి బొట్టు పెట్టి పిలవాలిగా? పిలిచినావిడ ఎవరో తెలియకుండా నేనైతే ఎవరింటికీ వెళ్ళను తల్లీ," అని చెప్పులేసుకుని వెళ్ళిపోయింది. నేను పకపకా నవ్వాను. బాబాయి అన్నం కలుపుతున్నవాడు కాస్త ఆగి, మళ్ళీ కలుపుకున్నాడు. ఇంకో సంగతి చెప్పాలి. అదే నెలలో అదే బల్ల మీద వియత్నాం గురించి ఇంకో పుస్తకం దిద్దాను. అందులో అమెరికా సేనలు 'దురాక్రమించాయి'. పుస్తకం నిండా అదే మాట. రెండు దేశాల ట్యాంకులకి రెండు మాటలు. అవి రెండూ ఒకే కేసు అరల్లోంచి తీసిన సీసపు అక్షరాలతోనే అచ్చయ్యాయి. నాకు అప్పుడు ఏ అనుమానమూ రాలేదు, ఏ సున్నా చుట్టలేదు. చిన్నపిల్లనా అంటే కాదు, పంతొమ్మిదేళ్ళు.

పెళ్ళయి అమెరికా బయల్దేరేటప్పుడు బాబాయి ఆ చిన్న పుస్తకాన్నే ఒక కాపీ తెచ్చి, "దగ్గర పెట్టుకో అమ్మడూ, తీరిగ్గా చూడు," అని నా పెట్టెలో పెట్టాడు. చచ్చాననుకోండి! వీసా కాగితాల్లో కమ్యూనిస్టులతో ఏమైనా సంబంధం ఉందా అని అడిగితే లేదని రాసి ఉన్నాను. ఆ పుస్తకాన్ని పట్టుచీర మడతల్లో దాచాను. న్యూయార్క్‌లో దిగినప్పుడు కస్టమ్స్ వాడు పెట్టె తెరుస్తుంటే దేవుళ్ళందరికీ మొక్కుకున్నాను. వాడు ఆవకాయ సీసా పట్టుకుని అరగంట సతాయించి పుస్తకం జోలికి పోలేదు. ఆ చీర అలాగే, ఆ మడత అలాగే, మూడు ఇళ్ళు మారింది. కట్టే సందర్భం రాలేదు. పుస్తకం తెరిచే అవసరమూ రాలేదు. బాబాయి ఆ తర్వాత రాజకీయ పుస్తకాలు మానేసి పశువైద్యం, పిల్లల సైన్సు పుస్తకాలు మాత్రం చేశాడని ఉత్తరాల్లో తెలిసింది. కళ్ళు సాగక అనుకున్నాను.

మాట మాత్రం నాతో వచ్చేసింది. తెలుగువాళ్ళు నలుగురు చేరితే నేను చెప్పే కథ అదే. కథలో పిన్నిని కూడా ఉంచేదాన్ని, అయితే నవ్వులపాలు చేయడానికి. మేముండే ఈ క్యారీ ఊళ్ళో ఎన్ని ఇళ్ళ భోజనాల దగ్గర చెప్పానో, ఎంతమంది కళ్ళనీళ్ళు వచ్చేలా నవ్వారో! మా ఆయనైతే దాన్ని సొంతం చేసేసుకున్నారు. మా అన్నయ్యవాళ్ళు ఎయిర్‌పోర్ట్‌లో దిగారని ఫోన్ వస్తే, "మీ ట్యాంకులు విచ్చేశాయి, వెళ్ళి తెచ్చుకో," అంటారు. ఆయన వైపు వాళ్ళు వస్తే మాత్రం 'మావాళ్ళు వస్తున్నారు.' గమనించారా, మళ్ళీ రెండు మాటలు.

ఇక మా పక్కింటావిడ. పన్నెండేళ్ళ కిందట ఈ ఇంట్లోకి దిగినప్పుడు పులిహోర చేసి, ఒక డబ్బాలో పెట్టుకుని వాళ్ళ తలుపు కొట్టాను. తెల్లటి పొట్టి జుట్టు, నిటారైన మనిషి, తలుపు జానెడు తీసి, "నేను నిన్ను పిలవలేదే," అంది. అలాగే అంది, ముఖాన. "రేపు ఫోన్ చేసి రా." తలుపు వేసేసింది. నాకు ఒళ్ళు మండిపోయింది. పులిహోర మొత్తం మా ఆయన తిన్నారు. మర్నాడు ఆవిడే ఫోన్ చేసి పిలిచింది, కేక్ పెట్టింది. అలా మొదలైంది. రోజూ పొద్దున గ్రీన్‌వే కాలిబాట మీద ఇద్దరం రెండు మైళ్ళు నడిచేవాళ్ళం. ఆవిడకీ నాకూ ఒకటే వయసు, ఒకే నెలలో పుట్టాం. వసంతంలో పైన్ పుప్పొడి పచ్చగా కార్ల మీద పేరుకుంటే ఇద్దరం ఒకేసారి తుమ్ముతూ నడిచేవాళ్ళం. భర్త పోయాక ఆవిడ ఒక్కతే. ఎవరింటికైనా ఫోన్ చేయకుండా వెళ్ళదు, తన ఇంటికి ఎవర్నీ రానివ్వదు. ఆ మొదటి రోజు తప్పిస్తే పన్నెండేళ్ళలో నేను ఒక్కసారి కూడా పిలవకుండా వెళ్ళలేదు. నేను దసరాకి బొట్టు పెట్టి పిలిస్తే మాత్రం మురిసిపోయేది. "మీ పద్ధతి బాగుంది. ఎవరు పిలిచారో నుదుటి మీద సాక్ష్యం ఉంటుంది," అనేది.

ఆవిడది ఏ దేశమో నాకు తెలియదా అంటే, తెలుసు. చెకోస్లవేకియా రాజధాని ప్రాగ్ నుంచి వచ్చిందని మొదటి వారంలోనే చెప్పింది. ఇది చెప్పుకోవడానికే సిగ్గుగా ఉంది. పన్నెండేళ్ళు ఆవిడ పక్కన నడిచాను, పన్నెండేళ్ళూ ఆ కథ చెబుతూనే ఉన్నాను, రెండూ ఒకటేనని నా బుర్రకి తట్టలేదు. ఆ ట్యాంకులు నా లెక్కలో విజయవాడ ప్రెస్సులో ఉన్నాయి. అవి ఎవరి వీధిలోనో నిజంగా నడిచాయని ఎప్పుడూ అనుకోలేదు. నా మొహం, నేనూ నా ప్రూఫ్ రీడింగూ!

పోయిన దసరాకి బొమ్మలకొలువు పెట్టాం. ఇల్లంతా జనం. ఆవిడ నుదుట బొట్టుతో సోఫాలో కూచుని శనగలు ఒక్కొక్కటే తింటోంది. ఎవరో ఆ కథ చెప్పమన్నారు. నేను తెలుగులో చెప్పాను, అందరూ నవ్వారు. ఆవిడ కూడా మర్యాదకి నవ్వి, ఏమిటని అడిగింది. మా అమ్మాయి ఇక్కడే పుట్టి పెరిగిన పిల్ల, దానికి ఈ చరిత్ర అంతా ఎక్కడిది? "ఓ, మా అమ్మ కిడ్‌గా ఉన్నప్పుడు..." అని మొదలుపెట్టి చక్కటి ఇంగ్లీషులో పూసగుచ్చినట్టు చెప్పేసింది, విచ్చేయడం అంటే ఏమిటో కూడా: పెళ్ళికి పెద్దవాళ్ళు దయతో రావడం. దేశం పేరు చెప్పింది, ట్యాంకులని చెప్పింది. నేను వంటింటి గుమ్మంలో పళ్ళెం పట్టుకుని నిలబడ్డాను. ఆవిడ ముఖం చూశాను, అప్పుడు తట్టింది. ఆవిడ శనగల గిన్నె టీపాయ్ మీద పెట్టి లేచింది. "వాళ్ళని ఎవరూ పిలవలేదు," అంది, ఎవర్నీ చూడకుండా. గుమ్మం దగ్గర చెప్పుల గుట్టలోంచి తన బూట్లు వెతుక్కుని, తాంబూలం తీసుకోకుండా వెళ్ళిపోయింది. "అమ్మా, నేనేమైనా తప్పు చెప్పానా?" అంది మా అమ్మాయి. "నువ్వు కాదమ్మా," అన్నాను.

ఆ తర్వాత ఫోన్ ఎత్తలేదు. పొద్దున్న నడకకి ఆవిడ వేళ మార్చుకుంది. మా ఆయన "వెళ్ళి తలుపు కొట్టరాదూ," అంటారు. ఎలా కొట్టను? పిలవకుండా వెళ్ళకూడదనేదే కదా అక్కడ అసలు సంగతి! క్రిస్మస్‌కి కార్డు పెట్టాను, జవాబు లేదు. టీవీలో రష్యా ట్యాంకులు ఇంకో పొరుగుదేశంలో కనిపిస్తే చానల్ మార్చేస్తున్నాను. పోయిన నెల ఆవిడ ముంగిట్లో 'ఇల్లు అమ్మబడును' అని బోర్డు దిగింది. ఎక్కడో ఎడారిలో ఉన్న చాండ్లర్‌లో కూతురి దగ్గరికి వెళ్ళిపోతోందట. అది కూడా నాకు మెయిల్ తెచ్చే మనిషి చెబితే తెలిసింది. పన్నెండేళ్ళ స్నేహం అలా, ఒక్క మాట కూడా లేకుండా, ఎడారికి పోతోంది. ఏడుపొచ్చింది, ఏడ్చాను.

అందుకే మొన్న ఆ శుభలేఖ చూశాక కాఫీ అక్కడే వదిలేసి బీరువా తీశాను. పట్టుచీర మడతల దగ్గర చిరిగిపోయి ఉంది. పుస్తకం లోపల ఉంది, అట్ట ఊడింది. ఇన్నేళ్ళకి మొదటిసారి తెరిచాను. పదకొండో పేజీ. నా వాక్యం. 'విచ్చేశాయి' కింద సన్నటి పెన్సిలు గీత. పక్కన మార్జిన్‌లో ప్రశ్న గుర్తు, దాని చుట్టూ సున్నా. మా బాబాయి చేతి గీతే, ఒకవైపు కాస్త వంగిన సున్నా. పుస్తకం పట్టుకుని మంచం మీద కూచున్నాను. అందుకా ఆయన రాజకీయ పుస్తకాలు మానింది? పిన్ని అడిగినరోజు అన్నం కలుపుతూ ఆగింది ఇందుకా? తీరిగ్గా చూడు అని నా చేతిలో పెట్టాడు. పుస్తకం అచ్చయిపోయాక కూడా అనుమానం నాకే పంపాడు, మాట నాది గనక. జవాబు రాయమని. నేను దాన్ని చీరలో చుట్టి పెట్టి అందర్నీ నవ్వించుకుంటూ తిరిగాను. బాబాయి పోయి ముప్పై ఏళ్ళు దాటింది.

ఫోన్ చేశాను. ఎత్తలేదు. మెసేజ్ పెట్టాను: ఆ మాట రాసింది నేనే, చిన్నపిల్లని కూడా కాదు, నీకో కాగితం చూపించాలి, నువ్వు పిలిస్తేనే వస్తాను. బుధవారమంతా ఏమీ లేదు. గురువారం పది గంటలకి ఫోన్ మోగింది. "రా," అంది. అంతే.

వాళ్ళింట్లో అన్నీ పెట్టెలే. వంటింట్లో రెండు కుర్చీలు మిగిలాయి. పుస్తకం చూపించి ఆ పేజీ చదివి, ఇంగ్లీషులో చెప్పి, మార్జిన్‌లో ఆ సున్నా ఎవరిదో, ఏమిటో చెప్పాను. ఆవిడ ఆ సున్నా చుట్టూ వేలు తిప్పింది. తర్వాత వాళ్ళ అన్నయ్య గురించి చెప్పింది. బడిలో జాగ్రఫీ చెప్పేవాడట. ట్యాంకులు వచ్చిన వారం తనూ అన్నా కలిసి వీధుల పేర్ల బోర్డులు పీకేశారట, ఆ సైనికులు దారి తప్పాలని. ఏడాది తిరగకుండానే తను సరిహద్దు దాటేసింది, అన్న వెనక వస్తానన్నాడు. అంతలో ఉద్యోగాల్లో ఉన్నవాళ్ళందరి ముందూ ఒక కాగితం పెట్టారు. పిలిస్తే వచ్చిన సోదర సహాయం అని ఒప్పుకుంటూ ఒకే ఒక్క వాక్యం. సంతకం పెడితే బడి, లేకపోతే లేదు. అన్న పెట్టలేదు. మిగిలిన బతుకంతా ఒక ఆసుపత్రి కింద బాయిలర్‌లో బొగ్గు వేశాడు. సరిహద్దులు తెరుచుకోవడానికి రెండేళ్ళ ముందు ఊపిరితిత్తులు పోయి చచ్చిపోయాడు. తను వెళ్ళలేకపోయింది.

"అదే వాక్యం," అంది పుస్తకం మీద తట్టి. "మా అన్న దాని కింద పేరు రాయలేదు. నువ్వు దాన్ని అందంగా రాశావు."

"అవును," అన్నాను. "నన్ను క్షమించు. ఇప్పుడు కాదు అన్నా ఫరవాలేదు."

ఆవిడ క్షమించానని అనలేదు. "మీ భాషలో అసలు మాట ఏమిటి?" అని అడిగింది. కలం తీసి 'విచ్చేశాయి' కొట్టేశాను. మార్జిన్‌లో, బాబాయి సున్నా పక్కన, 'చొరబడ్డాయి' అని రాశాను. అక్షరాలు కోడి గీకినట్టు వచ్చాయి. చదవమంది. చదివాను. తనూ పలకబోయింది, 'చొర' దాకా వచ్చి నాలుక తిరక్క ఆగిపోయింది. "గట్టి మాటే," అంది. తర్వాత, "మా అన్నయితే ఆ పెళ్ళిపిలుపు మాటకి పడీపడీ నవ్వేవాడు. నాకే ఇంకా నవ్వు రావటం లేదు," అని సింకు దగ్గరికెళ్ళి కప్పులు కడగడం మొదలుపెట్టింది. పుస్తకం తీసుకెళ్ళమంటుందో, ఉంచమంటుందో తెలియక అక్కడే వదిలేసి వచ్చాను. గుమ్మం దాటుతుంటే వెనకనుంచి అంది, "శనివారం ట్రక్కు వస్తుంది. తొమ్మిదింటికి కాఫీకి రా. పిలుస్తున్నాను."

రేపే శనివారం. వీడ్కోలుకి బొట్టు పెట్టనా వద్దా అని కుంకుమ భరిణె హ్యాండ్‌బ్యాగ్‌లో పెట్టుకుని, మళ్ళీ తీసి బల్ల మీద పెట్టి, ఇప్పటికి నాలుగుసార్లయింది. ఆ పుస్తకం చదివి నమ్మినవాళ్ళు, అది అచ్చేసినవాళ్ళు, అనుమానంతో సున్నా చుట్టినవాడు, ఎవరు పిలిచారే అని అడిగినావిడ, ఎవరూ లేరిప్పుడు, నా దిద్దుబాటు చూడటానికి. అచ్చయిన ప్రతి పుస్తకానికీ రెండో ముద్రణ ఉంటుందని, తప్పులు అప్పుడు దిద్దుకోవచ్చని అనుకునే వయసులో ఆ మాట రాశాను.